గుర్రం దిగిన రౌతు

శ్రీకాకుళం వెళ్ళాల్సినవాళ్ళు ‘శ్రీకాకుళం రోడ్డు’ అన్న బోర్డు చూసి దిగితే ఊరు ఇంకా ఎంత దూరం ఉంటుందో మా ఆయనకి ఒకరు చెప్పక్కర్లేదు. ఆయన పుట్టిందే ఆమదాలవలసలో. అక్కణ్ణించి శ్రీకాకుళం ఇంకో 10 కిలోమీటర్ల పైచిలుకు. చిన్నప్పుడు పెట్టెలు మోసుకుంటూ దిగి, ‘ఊరేదండీ?’ అని అడిగే బయటూరి వాళ్ళని చూసి నవ్వుకున్న కథలు మా పెళ్ళైన దగ్గర్నుంచి వింటూనే ఉన్నాను. అలాంటి మనిషి, అరవై నాలుగో ఏట, ఇటలీ బూటు ముక్కు దగ్గర సరిగ్గా అదే పని చేశాడు. నన్ను కూడా దింపేశాడు.

బోర్డు మీద ‘వీబో వాలెంతియా - పిట్సో’ అని ఉంది. మేం వెళ్ళాల్సింది పిట్సో. పిజ్జా కాదు, పిట్సో, ఊరి పేరు. నేపుల్స్‌లో చదువుకుంటున్న మా అమ్మాయి రైలెక్కించేటప్పుడు ఒకటికి రెండుసార్లు చెప్పింది: “అమ్మా, లమేత్సియాలో దిగి, త్రోపేయా వైపు వెళ్ళే చిన్న బండి పట్టుకోండి. ఒట్టి ‘పిట్సో’ అని ఉంటుంది, అక్కడ దిగండి.” నాలుగు గంటల పైన కూచుని నడుం పట్టేసిన మనిషికి బోర్డులో పిట్సో అన్న ముక్క కనపడితే చాలు కదా. “వచ్చేసింది, దిగు దిగు” అని సూట్‌కేసు ముందు తోసేశాడు. రైలు వెళ్ళిపోయింది. చుట్టూ చూస్తే కొండలు, ఎండ, ఒక పిల్లి. సముద్రం వాసన కూడా లేదు.

ఆదివారం మధ్యాహ్నం. టికెట్టు కిటికీ మూసి ఉంది, కాఫీ కొట్టు షట్టరు దించి ఉంది. బస్సుల టైమ్‌టేబుల్ ఒకటి అంటించి ఉంటే చదువుకుంటూ పోయాను. ప్రతి బస్సు పక్కనా అడ్డంగా వేసిన రెండు సుత్తుల గుర్తు. ఇదేమిటని అమ్మాయికి ఫొటో పంపితే, “పనిదినాల్లో మాత్రమే అని అర్థం అమ్మా” అని జవాబు, దాని కింద నవ్వే బొమ్మలు మూడు. నాకు నవ్వు రాలేదు.

“ఏటిది? ఊరెక్కడో ఉంటే స్టేషన్‌కి దాని పేరెందుకు ఎట్టడం?” అన్నారు. నలభై ఏళ్ళు హైదరాబాదులో ఉన్నా, కోపం వచ్చినప్పుడు మా ఆయన నోట ఉత్తరాంధ్ర వచ్చేస్తుంది.

“మీ ఊళ్ళో ఎందుకు పెట్టారో ఇక్కడా అందుకే” అన్నాను. తర్వాత కాసేపు మాటల్లేవు.

ఈ ప్రయాణానికి కారణం ఒక విగ్రహం. నేపుల్స్ రాజభవనం ముందు గోడలో ఎనిమిది గూళ్ళు, ఎనిమిది మంది రాజులు. ఏడో గూట్లో ఉన్నాయన దగ్గర మా ఆయన ఆగారు. ఉంగరాల జుట్టు, బిగుతు ప్యాంటు, మొత్తం మీద మన పాత జానపద సినిమా హీరో వాలకం. “ఈయన మురాత్, ఫ్రెంచివాళ్ళు మురా అంటారు. గుర్రపు దళాల సేనాని, తర్వాత ఇక్కడ రాజయ్యాడు, చివరికి కాల్చి చంపారు” అంది అమ్మాయి. “గుర్రపు దళం అంటావు, మరి గుర్రమేదీ?” అన్నారాయన. మాట వరసకి అన్నదే. కానీ వెనక్కి తిరిగి చూస్తే అదే చౌకులో రెండు పెద్ద కంచు గుర్రాలున్నాయి. ఒకదాని మీద మూడో చార్లెస్, రెండో దాని మీద ఆయన కొడుకు ఫెర్డినాండ్. మురాని చంపించింది ఆ ఫెర్డినాండే. చంపించినవాడికి గుర్రం దక్కింది, గోడలో గూడు దక్కలేదు. యూరప్‌లోకెల్లా గొప్ప ఆశ్వికుడనిపించుకున్నవాడికి గూడు దక్కింది, నిలబడ్డం మాత్రం నేల మీదే. ఆ చౌకుని అంత విశాలంగా కట్టించడం మొదలుపెట్టింది కూడా మురాయే. ఫెర్డినాండ్ తిరిగొచ్చాక దాన్ని మార్చి, రాజ్యం దక్కినందుకు మొక్కుబడిగా మధ్యలో గుండ్రటి గోపురం చర్చి కట్టించాడు.

నేను ఇరవై ఎనిమిదేళ్ళు స్కూల్లో సోషల్ చెప్పాను. ఫ్రెంచి విప్లవం, నెపోలియన్, అన్నీ చెప్పాను. ఈ మురా పేరు ఒక్కసారి కూడా నా నోటెంట రాలేదు. అది కాస్త గుచ్చుకుంది. అమ్మాయికి ల్యాబ్ పని, మాకు రెండ్రోజులు ఖాళీ. అందరూ కాప్రి వెళ్ళమన్నారు. ఆ పడవ టికెట్లు, ఆ హోటళ్ళ ధరలు చూశాక బ్యాంకులో పనిచేసిన మా ఆయన, “కాప్రి ఎక్కడికీ పోదులే, ఆయన చచ్చిపోయిన ఊరికి పోదాం” అన్నారు. ఆ రకంగా ఈ పిల్లి ఉన్న స్టేషన్‌కి చేరాం.

బస్సు లేదు, టాక్సీ లేదు, పారిపోవడానికి ఆయనకి దారీ లేదు. బెంచీ మీద కూచోబెట్టి పాఠం మొదలుపెట్టాను.

మురా 1767 మార్చి 25న ఫ్రాన్స్‌లో లా బాస్తీద్ అనే పల్లెటూళ్ళో పుట్టాడు. తండ్రి పూటకూళ్ళ సత్రం నడిపేవాడు. కొడుకుని పాదిరీని చేద్దామని తులూజ్ పంపిస్తే, వాడు 1787లో చదువు వదిలేసి, ఊరి మీదుగా పోతున్న గుర్రపు రెజిమెంటులో చేరిపోయాడు. 1795లో పారిస్‌లో తిరుగుబాటు. అణచడానికి నెపోలియన్ బోనపార్టే దగ్గర మనుషులున్నారు, ఫిరంగుల్లేవు. రాత్రికి రాత్రి గుర్రాలు దౌడు తీయించి, తిరుగుబాటుదార్ల కంటే ముందు చేరి, సాబ్లోన్ మైదానం నుంచి 40 ఫిరంగులు లాక్కొచ్చింది మురా. ఆ ఒక్క రాత్రితో ఇద్దరి జాతకాలూ తిరిగాయి. తర్వాత ఈజిప్టులో అబూకీర్ దగ్గర దవడలోంచి తూటా దూసుకుపోయినా శత్రు సేనాపతిని పట్టి తెచ్చాడు. 1800లో నెపోలియన్ చెల్లెలు కరోలీన్‌ని పెళ్ళాడాడు.

“అదీ సంగతి. రీజనల్ మేనేజర్ చెల్లెల్ని చేసుకున్నాడు. ఇంకేం, ప్రమోషన్లే” అన్నారు.

“ఊరికే రాలేదు” అన్నాను. 1807 ఫిబ్రవరిలో, ఐలౌ దగ్గర, మంచు తుఫానులో నెపోలియన్ సైన్యం నడుం విరిగిపోతుంటే దాదాపు 10 వేల గుర్రాలని ఒక్క ఊపున రష్యన్ల మీదకి తోలింది ఈయనే. ముందు తనే. ఆ తర్వాత ఏడాదే, 1808లో, బావమరిది ఈయన్ని నేపుల్స్ రాజుని చేశాడు. సత్రం వాడి కొడుకు సింహాసనం ఎక్కాడు.

ఇంతలో ఒక పాత ఫియట్ కారు వచ్చి ఆగింది. మనవణ్ణి రైలెక్కించడానికి వచ్చిన పెద్దాయన. ఎనభైకి దగ్గరగా ఉంటాయి. మనవడి బండి వచ్చిపోయేదాకా మమ్మల్ని ఓరగా చూస్తూనే ఉన్నాడు. తర్వాత దగ్గరికొచ్చి, శుభ్రమైన ఇంగ్లీషులో, “పిట్సో అనుకుని దిగారు కదా?” అన్నాడు. టొరంటోలో ముప్పై ఏళ్ళు ఇళ్ళు కట్టే పని చేసి, పెన్షన్‌తో సొంతూరు వచ్చేశాడట. వారానికి ఇద్దరు ముగ్గురు ఇలా దిగుతారట. “బోర్డు మార్చొచ్చు కదా” అంటే, భుజాలెగరేసి సూట్‌కేసు డిక్కీలో పెట్టాడు.

కారు దిగుడు రోడ్డులో పడ్డాక, మురా గురించి వచ్చామని చెప్పాను. స్టీరింగు వదిలేసి రెండు చేతులూ పైకెత్తాడు. మా ఆయన సీటు పట్టుకున్నారు.

“ఒక్కటి గుర్తుపెట్టుకోండి. మేం చంపలేదు. పట్టుకున్నాం, అంతే. చంపమని రాసి పంపింది నేపుల్స్. ప్రపంచమంతా మమ్మల్ని అంటుంది.”

మొన్న మొన్న జరిగిన గొడవలో తన పేరు ఎక్కించారన్నట్టు చెప్పాడు. 1815 సంగతి.

మీవాళ్ళకి ఆయనంటే అంత కోపం ఎందుకు అని అడిగితే, రాజు సంగతి కాకుండా మానేస్ అనే జనరల్ సంగతి ఎత్తాడు. అడవుల్లో దొంగల ముఠాల్ని, తిరుగుబాటుదార్లని అణచడానికి 1810లో మురా ఇతన్ని ఈ కలాబ్రియా ప్రాంతం మీదకి పంపాడు. ఊరి పొలిమేర దాటి రొట్టెముక్క తీసుకెళ్తే మరణశిక్ష అని చాటించాడట, అడవిలో ఉన్నవాళ్ళకి తిండి చేరకుండా. పొద్దున్నే పొలానికి పోయేవాడు చద్దిమూట కట్టుకోవడానికి లేదు. “మా నాన్నమ్మ చెప్పేది, వాళ్ళ నాన్నమ్మ చెప్పిందని. పొలం నుంచి కడుపు కాలుతూ ఇంటికొచ్చినవాళ్ళు రాజు బట్టల మీద బంగారు జరీ చూసి మురిసిపోతారా?” అన్నాడు. నేను స్కూల్లో చెప్పిన పాఠాల్లో ఫ్రెంచివాళ్ళు వెళ్ళిన ప్రతి చోటా పాత జమీందారీ హక్కులు రద్దయ్యేవి, కొత్త చట్టాలొచ్చేవి. అవన్నీ ఇక్కడా నిజమే. చద్దిమూట సంగతి మాత్రం ఏ పాఠంలోనూ లేదు.

డబ్బులివ్వబోతే కోప్పడ్డాడు. “సాయంత్రం చౌకులో ఉంటాను, తర్తూఫో ఐస్‌క్రీము తినిపించండి” అని కొండ కొమ్మున దింపేసి వెళ్ళిపోయాడు.

భోజనం గురించి కొంచెం చెప్పాలి. కలాబ్రియావాళ్ళు మిరపకాయలకి మనంత మొహం వాచినవాళ్ళు. గుమ్మాలకి ఎండుమిర్చి దండలు వేలాడుతుంటాయి, పక్కనే త్రోపేయా ఎర్ర ఉల్లిపాయల జడలు. పది రోజులుగా చప్పటి తిండి తిన్న మా ఆయనకి ప్రాణం లేచొచ్చింది. బల్ల మీద చిన్న గిన్నెలో నిగనిగలాడే ఎర్రటి ముద్ద పెట్టారు. “పండుమిరప పచ్చడి!” అని రొట్టె మీద మందంగా రాసుకుని రెండు ముక్కలు లాగించారు. కళ్ళ నీళ్ళు తిరిగాయి, ఆనందం. మూడో ముక్కకి నాకు అనుమానం వచ్చి ఫోన్లో చూశాను. ఎందూయా. పంది కొవ్వూ మాంసం మిరపపొడితో నూరి పేగులో కూరి పెడతారు. మేం కోడీ మేకా చేపా తింటాం కానీ దాని జోలికి ఎప్పుడూ పోలేదు. చెప్పాలా వద్దా అని ఆలోచించి, మూడో ముక్క అయ్యాక చెప్పాను. ఆయన కాసేపు గిన్నె వంక చూసి, “ఇప్పుడు తెలిస్తే మాత్రం ఏం, కడుపులోదాన్ని వెనక్కి పంపలేం కదా” అని నాలుగో ముక్క రాసుకున్నారు. చిత్రమేమిటంటే ఆ పేరు ఫ్రెంచి మాట ‘ఆందూయ్’ నుంచి వచ్చిందట, మురా కాలంలో సైనికులతో వచ్చి ఉంటుందని ఇక్కడివాళ్ళు చెప్పుకుంటారు. రాజుని పట్టుకున్నారు, రాజు వంటకాన్ని వదల్లేదు. బిల్లులో ‘కోపెర్తో’ అని మనిషికి రెండున్నర యూరోలు. అదేమిటంటే కూచున్నందుకు. మా ఆయన బిల్లుని రెండుసార్లు కూడి చూసుకున్నారు.

కోట చిన్నది. గోల్కొండ చూసిన కళ్ళకి ఇదొక పోలీసు ఠాణా అంత. 15వ శతాబ్దం చివర్లో ఆరగాన్ వంశపు రాజులు కట్టించింది, రెండు గుండ్రటి బురుజులు, కింద సముద్రం. ఇప్పుడు దాని పేరే మురా కోట. లోపల గదుల్లో బొమ్మలు పెట్టారు: విచారణ చేసే అధికారులు, ఉత్తరం రాసుకుంటున్న మురా, ఒప్పుకోలు వింటున్న పాదిరీ. మన ఎగ్జిబిషన్లలో పెట్టే బొమ్మల్లాగే ఉన్నాయి, విగ్గులు కాస్త పక్కకి జరిగి.

కిటికీ దగ్గర బారి నగరం నుంచి వచ్చిన ఒక జంట తగిలింది. ఆవిడకి ఇంగ్లీషు కొద్దిగా వచ్చు. వాళ్ళ ఊళ్ళో పాత గోడలు దాటి కొత్త పేట వేయించింది మురాయేనట, 1813లో. గళ్ళ నోటుబుక్కులాగా నిటారు వీధులు. ఇప్పటికీ ఆ పేటని మురాత్తియానో అంటారు. “మాకు షాపింగంటే ఆయనే” అంది ఆవిడ నవ్వుతూ. ఒకే రాజు, తూర్పు తీరాన పేటకి పేరు, పడమటి తీరాన చద్దిమూట మీద శిక్ష.

పతనం ఎంత దూరం నుంచి మొదలైందో ఇక్కడ వివరించను. రష్యా మంచులో మిగిలిన సైన్యాన్ని నెపోలియన్ ఈయన చేతిలో పెట్టి వెళ్తే, ఈయన 1813 జనవరిలో దాన్ని ఇంకొకరికి అప్పగించి నేపుల్స్ వచ్చేశాడు. 1814లో కిరీటం నిలుపుకోవడానికి బావమరిది శత్రువు ఆస్ట్రియాతో చేతులు కలిపాడు. 1815లో బావమరిది ఎల్బా దీవి చెర నుంచి తప్పించుకోగానే మళ్ళీ తిరిగి ఆస్ట్రియా మీదే యుద్ధానికి దిగాడు. మే నెలలో తొలెంతీనో దగ్గర రెండు రోజుల పోరులో ఓడి, సింహాసనం పోగొట్టుకున్నాడు. రౌతు మెత్తనైతే గుర్రం మూడు కాళ్ళ మీద నడుస్తుందంటారు. ఈయన రౌతుగా మెత్తనివాడు కాడు. దిగి నేల మీద నిలబడితేనే ఎటు నడవాలో తెలియలేదు. ఎన్నో యుద్ధాల్లో పక్కన ఉంచుకున్న నెపోలియన్, తన చివరి యుద్ధం వాటర్లూకి మాత్రం రమ్మనలేదు.

బోల్తా పడ్డ మనిషి కోర్సికా దీవి చేరి అక్కడ ఆశ పెంచుకున్నాడు. ఆ ఏడాది మార్చిలోనే నెపోలియన్ వెయ్యి మందితో ఒడ్డున దిగి, తూటా పేల్చకుండా పారిస్ చేరాడు కదా, నేనెందుకు చేరలేను? సెప్టెంబరు 28న అజాక్సియో నుంచి ఆరు పడవలు, 250 మంది. తుఫానుకి పడవలు చెదిరిపోయాయి. అక్టోబరు 8న పిట్సో ఒడ్డుకి చేరేసరికి మిగిలింది దాదాపు ముప్పై మంది. ఆ రోజు ఆదివారం.

కోట చూశాక చర్చికెళ్ళాం. సెయింట్ జార్జి చర్చి, వీధి మధ్యలోనే. శవాన్ని ఇక్కడి ఉమ్మడి గోతిలో వేసేశారు. నేల మీద ఒక రాతిపలక. దాన్ని తొక్కకుండా పక్కగా నడుస్తుంటే ఎందుకో మూసారాంబాగ్ గుర్తొచ్చింది. నేను పుట్టి పెరిగింది మలక్‌పేటలో. చిన్నప్పుడు తాతయ్య నన్ను ఆస్మాన్‌ఘడ్ గుట్ట మీదకి తీసుకెళ్ళేవాడు. అక్కడ ఒక నల్లరాతి సమాధి, పక్కన పొడుగాటి స్తంభం. నిజాం సైన్యంలో ఫ్రెంచి పటాలాలకి అధిపతి రేమండ్‌ది. ముస్లింలకి మూసా రహీం, హిందువులకి మూసా రాముడు. ఏటా జనం దీపాలు వెలిగించి, ఆయనకి ఇష్టమని చుట్టలు కూడా పెట్టేవారని తాతయ్య చెప్పేవాడు. రాజు కాలేదు, రాజుకి కొలువు చేశాడు. ఊరి పేరులో, ఇప్పుడు మెట్రో స్టేషన్ ప్రకటనలో మిగిలాడు.

చర్చిలో చల్లగా ఉందని బెంచీ మీద కూచుని ఫోన్లో చూశాను. రేమండ్ పూర్తి పేరులో ఒక ముక్క జోవాకిమ్. మురా పేరూ అదే, ఇక్కడివాళ్ళు జోవాకీనో అంటారు. రేమండ్ చనిపోయింది 1798 మార్చి 25. మురా పుట్టినరోజు. ఇద్దరూ ఫ్రాన్స్ నైరుతి మూల నుంచే. ఈ మాట మా ఆయన చెవిలో చెప్పాను. “పునర్జన్మ అంటావా ఏటి? ఒకడు పోయేనాటికి ఇంకోడికి ముప్పై ఒక్కేళ్ళు. లెక్క కుదరదు” అని కొట్టిపారేశారు. నేను పునర్జన్మ అనలేదు. నాకు తోచింది వేరే. అక్కడ సమాధి మీద చుట్టలు, ఇక్కడ ఉమ్మడి గొయ్యి. పరాయి దేశం నుంచి వచ్చినవాడు మన పొలం గట్టు మీద చద్దిమూట విప్పి చూశాడా లేదా అన్నదే తేడా అయ్యుండొచ్చు.

సాయంత్రం మా ఆయన మోకాలు మొరాయించింది. ఆయన్ని చౌకులో కుర్చీలో కూచోబెట్టి, నేనొక్కదాన్నే ఒడ్డుకి దిగాను. దిగేటప్పుడు తెలియలేదు. పడవలు, వలలు, ఇసుకలో పిల్లలు. ఆయన దిగింది ఈ చుట్టుపక్కలే. తిరిగి చూస్తే ఊరు నెత్తి మీద నిలబడి ఉంది. ఇంటి మీద ఇల్లు, దాని మీద కోట.

మెట్లెక్కడం మొదలుపెట్టాను. వంద దాకా లెక్కపెట్టి మానేశాను, ఊపిరి చాలక. మధ్యలో ఒక గుమ్మం ముందు ఆగి గోడ పట్టుకున్నాను. నాకు అరవై ఒకటి, ఆయనకి నలభై ఎనిమిది. కానీ నా ఒంటి మీద నూలు చీర, ఆయన ఒంటి మీద సేనాని బట్టలు, బూట్లు. టోపీలో వజ్రాలు కూడా ఉన్నాయంటారు. ఐలౌలో పది వేల గుర్రాలు నడిపినవాడు ఈ మెట్లు కాలినడకన, రొప్పుతూ ఎక్కి ఉంటాడు. పైకొచ్చి, ఆదివారం గుమిగూడిన జనం మధ్య నిలబడి తన పేరిట జై కొట్టించాడు. ఎవరూ పలకలేదు. నేను విన్న కథల్లో రాళ్ళు, తుపాకులు, అరుపులు అన్నీ వచ్చాయి కానీ నాకు భయం వేసింది ఆ ఒక్క నిశ్శబ్దానికే. క్లాసులో ప్రశ్న అడిగితే అరవై మంది పిల్లల్లో ఒక్కడూ చెయ్యెత్తని క్షణం నాకు తెలుసు.

అక్కణ్ణించి మోంతెలియోనె వైపు రోడ్డు పట్టుకున్నాడు, పై అధికారులున్న పెద్ద ఊరు, అక్కడైనా ఆదరిస్తారని. ఆ మోంతెలియోనెకి ఇప్పటి పేరు వీబో వాలెంతియా. మేం పొరబాటున దిగిన స్టేషన్ బోర్డు మీద ముందున్న పేరు. ఆయన చేరాలని చేరలేకపోయిన చోటి పేరు చూసి మేం ఊరికే విసుక్కుంటూ వచ్చాం. ఆయుధాలతో జనం వెంటపడేసరికి, కిందకి, ఒడ్డుకి పరుగు. తెచ్చిన పడవ వెళ్ళిపోయింది. చేపల పడవ ఒకటి నీళ్ళలోకి తోయబోయాడు, కదల్లేదు. అక్కడే పట్టుకున్నారు. మీదపడి కొట్టారు, బట్టలు చింపారు, ఈడ్చుకుంటూ మళ్ళీ ఇవే మెట్ల వైపు.

నేపుల్స్ నుంచి వచ్చిన ఉత్తర్వులో, ఖైదీకి మతకర్మల కోసం అరగంట మాత్రం ఇవ్వాలని ఉందట. విచారణ కంటే ముందే రాసిన మాట అది. ఏ చట్టం కింద శిక్ష వేశారో ఆ చట్టం ఈయన రాజుగా ఉన్నప్పుడు తెచ్చినదే. కడసారి కర్మలు చేయించిన పాదిరీ, అయిదేళ్ళ క్రితం ఈయన ఇటుగా వచ్చినప్పుడు చర్చికి సాయం అడిగి పుచ్చుకున్నవాడు. భార్యకి, నలుగురు పిల్లలకి ఉత్తరం రాసి, అక్టోబరు 13న కోట లోపలే తుపాకుల ముందు నిలబడ్డాడు. కళ్ళకి గంతలు వద్దన్నాడు. ముఖం వదిలేసి గుండెకి గురిపెట్టండి అన్నాడని అందరూ చెప్తారు. ముఖం బాగుండాలన్న ఆ తాపత్రయం నిజమే అయ్యుంటుంది, ఆ ఏడో గూట్లో ఉంగరాల జుట్టు చూశాను కదా.

కరోలీన్ ఆ తర్వాత చాన్నాళ్ళు బతికింది, 1839 దాకా. తనని తాను ‘లిపోనా’ కౌంటెస్‌ అని పిలుచుకునేది. అక్షరాలు తారుమారు చేసి చదివితే నాపోలి. ఈ ముక్క నాకు మెట్ల మీదే గుర్తొచ్చింది. ఇంకో పది మెట్లు ఎక్కడానికి పనికొచ్చింది.

పైకొచ్చేసరికి చౌకులో మా ఆయనా, టొరంటో పెద్దాయనా గొడుగు కింద ఎదురెదురుగా కూచుని ఏదో తీవ్రంగా మాట్లాడుకుంటున్నారు. చూస్తే పెన్షన్ల గురించి. బల్ల మీద మూడు పళ్ళేలు. తర్తూఫో అంటే హేజల్‌నట్ ఐస్‌క్రీమూ చాకొలెట్ ఐస్‌క్రీమూ కలిపి, మధ్యలో కరిగిన చాకొలెట్ పోసి, అరచేతిలో ముద్దలా ఒత్తి, పైన కోకో పొడి అద్దింది. ఒక పెళ్ళిలో అచ్చులు చాలక ఎవరో చేత్తోనే ఒత్తేశారని, అలా పుట్టిందని పెద్దాయన చెప్పాడు. మన లడ్డూ చుట్టినట్టే. ఒకటి 7 యూరోలు.

రెండు పళ్ళేలు ఖాళీ. మూడోది కూడా ఖాళీ.

“నాదేదీ?” అన్నాను.

“కరిగిపోతోందోయ్. నువ్వెప్పుడు వస్తావో తెలీదు. నేనూ ఆయనా చెరి సగం చేశాం” అన్నారు మా ఆయన, మూతికి కోకో పొడితో.

పెద్దాయన ఏమాత్రం జంకలేదు. “మీరు ఆలస్యం చేశారు మేడమ్” అని గడియారం చూసుకుని, “రేపు పొద్దున నేనే దింపుతాను, ఈసారి సరైన స్టేషన్‌లో” అన్నాడు. బిల్లొచ్చింది. మూడు తర్తూఫోలు, మూడు నీళ్ళ సీసాలు, కూచున్నందుకు మూడు. నేనింకా నిలబడే ఉన్నాను.